క్లౌస్ హోలిగ్‌హౌస్

క్లౌస్ హోలిగ్‌హౌస్ (1940 - ఆగష్టు 9, 1994) జర్మనీకి చెందిన సుప్రసిద్ధ గ్లైడర్ రూపకర్త, పైలట్, పారిశ్రామికవేత్త. గ్లైడర్ల నిర్మాణం కొయ్య నుండి ఫైబర్ గ్లాసుకు (గాజునారకు) మారిన కాలంలో ఇతడు ముఖ్యపాత్ర వహించాడు. ఇతడు రూపొందించిన స్టాండర్డ్ సిరస్ అనే ఏకాసన గ్లైడరు 800కు పైగా తయారై అనేక దేశాలకు చేరింది.

నేపథ్యం

గ్లైడరు ఇంజను శక్తి లేకుండా ఎగిరే విమానం. దీనిని మరొక విమానంతో గాని, నేలపై ఉన్న యంత్రంతో గాని త్రాడు కట్టి పైకి లాగుతారు. త్రాడు విడిచిన తరువాత పైలట్ వేడెక్కి పైకి లేచే గాలిని ఆధారం చేసుకొని ఎత్తును సంపాదించి, ఆ ఎత్తును ఖర్చు చేస్తూ ముందుకు సాగుతాడు. కనుక గాలి నిరోధం ఎంత తక్కువైతే అంత దూరం ప్రయాణించవచ్చును.

గాలి పొరలు చెదరకుండా జారిపోవాలంటే రెక్క ఉపరితలం అత్యంత నునుపుగా, ఆకారం ఖచ్చితంగా ఉండాలి. కొయ్య రెక్కలు తేమకు, ఎండకు స్వల్పంగా వంకరపోయేవి. ఫైబర్ గ్లాసు పద్ధతిలో ముందుగా ఒక అచ్చు తయారు చేసి, అందులో గాజునార బట్టను పొరలుగా పరచి రెజిన్‌తో తడిపి గట్టిపడనిస్తారు. అచ్చు ఎంత నునుపుగా ఉంటే రెక్క అంత నునుపుగా వస్తుంది. ఈ పద్ధతిలో తయారైన తొలి గ్లైడరు ఫీనిక్స్ 1957లో జర్మనీలో ఎగిరింది.

విద్యార్థి దశ

హోలిగ్‌హౌస్ డార్మ్‌స్టాట్ సాంకేతిక విద్యాలయంలో చదివాడు. అక్కడి అకాఫ్లీగ్ అనే విద్యార్థి సంఘ సభ్యులు తమ గ్లైడర్లను తామే రూపొందించి, నిర్మించి, నడిపేవారు. గెర్హార్డ్ వైబెల్, వోల్ఫ్ లెమ్కె మొదలైన సహాధ్యాయులతో కలిసి ఇతడు డి-36 అనే ఫైబర్ గ్లాసు గ్లైడరును రూపొందించాడు. అది 1964లో మొదటిసారి ఎగిరింది. 1965లో ఇంగ్లండులో జరిగిన ప్రపంచ పోటీలలో ఓపెన్ తరగతిలో రెండవ స్థానం పొందింది. ఈ మిత్రులు తరువాత వేర్వేరు సంస్థలలో చేరి, పోటీలలో ఒకరికొకరు ప్రత్యర్థులైన గ్లైడర్లను రూపొందించడం విశేషం.

షెంప్-హిర్త్ సంస్థలో

1965లో హోలిగ్‌హౌస్ కిర్ఖైమ్ పట్టణంలోని షెంప్-హిర్త్ సంస్థలో చేరాడు. 1935లో స్థాపించబడిన ఈ సంస్థ అప్పటివరకు కొయ్య గ్లైడర్లకు పేరు పొందింది. ఇక్కడ ఇతని మొదటి రూపకల్పన సిరస్. సుమారు 17.7 మీటర్ల రెక్కల విస్తీర్ణం గల ఈ గ్లైడరు 1967లో తొలిసారి ఎగిరింది. తొలి నమూనాకు ఆంగ్ల 'వి' అక్షరం ఆకారంలో తోక ఉండేది. తరువాత తయారైన వాటికి దానిని విడిచి మామూలు తోకనే అమర్చారు. 1968లో పోలండులోని లెష్నోలో జరిగిన ప్రపంచ పోటీలలో ఆస్ట్రియాకు చెందిన హారో వోడ్ల్ సిరస్‌పై ఓపెన్ తరగతి విజేత అయ్యాడు.

స్టాండర్డ్ సిరస్

స్టాండర్డ్ తరగతి నియమాల ప్రకారం రెక్కల విస్తీర్ణం 15 మీటర్లకు మించరాదు, రెక్కలకు ఫ్లాపులు ఉండరాదు. ఖర్చును అదుపులో ఉంచడం ఈ నియమాల ఉద్దేశం. ఈ పరిమితులకు లోబడి రూపొందించిన స్టాండర్డ్ సిరస్ 1969లో మొదటిసారి ఎగిరింది. దీని జారుడు నిష్పత్తి సుమారు 38. అనగా నిశ్చలమైన గాలిలో ఒక కిలోమీటరు ఎత్తు నుండి దాదాపు 38 కిలోమీటర్ల దూరం పోగలదు.

దీనిలో ఒక లోపం కూడా కలదు. నిలువు తోకపై అమర్చిన అడ్డతోక మొత్తంగా కదిలే విధంగా ఉండడం వలన, చేతికర్రను కొద్దిగా కదిపినా గ్లైడరు ముక్కు వెంటనే పైకి గాని క్రిందికి గాని స్పందిస్తుంది. కొత్త పైలట్లు దీనికి అలవాటు పడవలసి వచ్చేది. అయినా క్లబ్బులలో దీనికి ఆదరణ తగ్గలేదు. 1977 వరకు ఉత్పత్తి కొనసాగింది. వీటిలో 200 గ్లైడర్లను గ్రోబ్ సంస్థ లైసెన్సు క్రింద తయారు చేసింది.

తరువాతి కృషి

22 మీటర్ల రెక్కలు గల నింబస్ గ్లైడరుపై అమెరికాకు చెందిన జార్జ్ మొఫాట్ 1970లో టెక్సాస్‌లోని మార్ఫాలో ప్రపంచ విజేత అయ్యాడు. 1977 నాటికి హోలిగ్‌హౌస్ సంస్థకు యజమాని అయ్యాడు. రెండు సీట్ల జానస్ (1974), వెంటస్ (1980), డిస్కస్ (1984) ఇతని ఇతర ప్రసిద్ధ రూపకల్పనలు. డిస్కస్ రెక్క ముందంచు నేరుగా కాక, కొన వైపు అంచెలంచెలుగా వెనుకకు వంగి ఉంటుంది. 1985 నుండి 1995 వరకు స్టాండర్డ్ తరగతి ప్రపంచ పోటీలలో డిస్కస్ వరుసగా విజయాలు సాధించింది.

ఇతడు స్వయంగా పోటీలలో పాల్గొనే పైలట్. తాను గీసిన గ్లైడరును తానే నడిపి, గాలిలో గమనించిన లోపాలను తరువాతి రూపకల్పనలో సరిదిద్దుకొనే అవకాశం అందువలన కలిగింది.

మరణం

1994 ఆగష్టు 9న స్విట్జర్లాండులోని ఆల్ప్స్ పర్వతాలలో గ్లైడరు నడుపుతూ ప్రమాదానికి గురై మరణించాడు. అప్పటికి ఇతని వయస్సు 54 సంవత్సరాలు. అనంతరం కుటుంబ సభ్యులు సంస్థ నిర్వహణను చేపట్టారు. ఇతడు రూపొందించిన ఏకాసన గ్లైడర్లు ఇతని మరణానంతరం కూడా అనేక దేశాల క్లబ్బులలో ఎగురుతూ వచ్చాయి.