ఆస్కార్ బరిలో మన తొలి చిత్రం: మెహబూబ్ ఖాన్

విశ్వనాథ్ గారి 'స్వాతిముత్యం' 1986లో భారతదేశం తరఫున ఆస్కార్ పోటీకి వెళ్ళిందని మన తెలుగువాళ్ళం గర్వంగా చెప్పుకుంటాం. ఆ దారి తొక్కిన మొదటి దర్శకుడు మాత్రం మెహబూబ్ ఖాన్.

ఆయన 1907లో గుజరాత్‌లోని బిలిమోరాలో పుట్టారు. చదువు అంతంతమాత్రం. బొంబాయి చేరి 1927 నాటి మూకీ 'అలీబాబా'లో నలభై మంది దొంగల్లో ఒకరిగా కనిపించారు. 1935లో దర్శకుడయ్యారు. 1940లో తీసిన 'ఔరత్' కథనే నర్గీస్‌తో రంగుల్లో మళ్ళీ తీసి, 1957లో 'మదర్ ఇండియా'గా విడుదల చేశారు.

విదేశీ భాషా చిత్రాల పోటీ అప్పటికి కొత్త. ఒక్కో దేశం ఒక్క చిత్రాన్నే పంపాల్సి ఉండేది. వచ్చినవాటిలో ఐదింటిని అకాడమీ నామినేట్ చేస్తుంది. మనం పంపిన తొలి చిత్రమే ఆ ఐదింట్లో నిలిచింది! 1958 మార్చిలో అవార్డు ఇటలీకి, ఫెలినీ తీసిన 'నైట్స్ ఆఫ్ కబీరియా'కు వెళ్ళింది. ఒక్క ఓటు తేడాతో పోయిందంటారు గానీ, అకాడమీ ఓట్ల లెక్క చెప్పదు కదా!

ఇన్ని భాషల్లో సినిమాలు తీసే దేశానికీ అప్పట్లో ఒకటే అవకాశం ఉండేది. 2022లో ఫిలిం ఫెడరేషన్ కమిటీ 'ఆర్ఆర్ఆర్'ను కాదని గుజరాతీ 'ఛెల్లో షో'ను పంపినప్పుడు మనవాళ్ళు నొచ్చుకున్నది అందుకే.

మెహబూబ్ ఆ తర్వాత తీసిన 'సన్ ఆఫ్ ఇండియా' (1962) ఆడలేదు. నెహ్రూ పోయిన మర్నాడు, 1964 మే 28న, 56 ఏళ్ళకే ఆయన కన్నుమూశారు.