జాను తెనుగు సోమన్న

జనగామ నుంచి పాలకుర్తి పోయే బస్సు మనలో చాలామంది ఎక్కేదే. ఆ ఊరి పేరే ఇంటిపేరైన కవి పాల్కురికి సోమనాథుడు. ఆయన పుట్టిన ఏడు మీద పండితుల్లో పేచీలున్నా, కాకతీయుల కాలంవాడే.

12వ శతాబ్దంలో బసవేశ్వరుడు నడిపిన వీరశైవం కులాన్ని కాదంది, చేసే పనే పూజ అంది. చాకలి మాచయ్య, మాదర చెన్నయ్య అందరూ ఒకే పంక్తి. ఆరువందల ఏళ్ళ తర్వాత అమెరికాలో ఆడి పాడి దేవుణ్ణి కొలిచి, పనినే ప్రార్థన చేసుకున్న షేకర్లదీ ఇలాంటి దారే.

సోమన్నకు సంస్కృతం వచ్చు, కన్నడం వచ్చు. అయినా ఆ భక్తుల కథల్ని జనం పాడుకునే ద్విపదలో, జాను తెనుగులో బసవపురాణంగా చెప్పాడు. పండితారాధ్య చరిత్రలో తుమ్మెద పదాలకూ, వెన్నెల పదాలకూ చోటిచ్చాడు.

పెద్దలకది నచ్చలేదు. తర్వాతి కవి పిడుపర్తి సోమన ఒక కథ చెప్పాడు. ఓరుగల్లు స్వయంభూ దేవాలయంలో భక్తులు బసవపురాణం చదువుకుంటుంటే ప్రతాపరుద్రుడు అదేమిటని అడిగాడట. ఎవడో పతితుడు ఈమధ్య అల్లిన ద్విపద అని పక్కనున్న బ్రాహ్మణుడు తీసిపారేశాడట. రాజు వినకుండానే వెళ్ళిపోయాడు.

రాజు వినకపోతేనేం, జనం విన్నారు. 1369లో భీమకవి దాన్ని కన్నడం చేశాడు. బసవన్న పుట్టిన నేలే బసవన్న కథను మన తెనుగు నుంచి తీసుకుంది!

మిత్రులారా, తరగతిలో పల్లె మాట నోట వస్తే మనం సిగ్గుపడుతుంటాం. ఆ మాటను కావ్యానికెక్కించినవాడు మన పక్క ఊరి సోమన్నే.