పేరు దేవుడి కానుక... బతుకు నిప్పుల మీద నడక

మిషన్ బడుల్లో చదువుకున్న వాళ్ళలో చాలామందికి ఒక డొరోతి టీచరమ్మ గుర్తుండే ఉంటుంది. ఆ పేరును అటూ ఇటూ చేస్తే ఏమొస్తుందో తెలుసా? థియోడోరా!

గ్రీకు భాషలో థియోస్ అంటే దేవుడు. డోరోన్ అంటే కానుక. కానుకను ముందు పెట్టి దేవుణ్ణి వెనక పెడితే డొరోతియా, అదే మన టీచరమ్మ డొరోతి. దేవుణ్ణి ముందుకు తెస్తే థియోడోరా. రెండింటి అర్థమూ ఒకటే, దేవుడిచ్చిన కానుక అని. మన దేవదత్త లాంటి పేరన్న మాట.

థియోస్ అని వినగానే మన 'దేవ' శబ్దమే అలా మారిందేమో అనిపిస్తుంది. కానీ ఆ రెండింటికీ చుట్టరికం లేదని భాషాశాస్త్రం చదివిన వాళ్ళు అంటారు. చుట్టరికం ఉన్నది రెండో సగానికి. గ్రీకు డోరోన్, మన దానం ఒకే ధాతువు నుంచి పుట్టిన అక్కచెల్లెళ్ళు. గ్రీకు పురాణంలోని పండోరా పేరులోనూ ఈ డోరోనే ఉంది. అన్ని కానుకలూ పొందినదని దానర్థం. తీరా కథలో ఏం చేశారు? మూత తీసి లోకంలోని కష్టాలన్నీ బయటికి వదిలింది ఆ పిల్లేనని నింద వేశారు. పేరులో కానుకలు, నెత్తిన నిందలు! థియోడోరా కథా కొంత అలాంటిదే.

ఈ పేరు మగపిల్లల్లో కనిపించినంతగా ఆడపిల్లల్లో కనిపించదు. అమెరికా అధ్యక్షుడు థియోడోర్ రూజ్‌వెల్ట్ పేరు విన్నాం. రష్యన్ రచయిత దాస్తయెవ్‌స్కీ పేరులోని ఫ్యోదర్ కూడా ఇదే పేరు. థియోడోరా అన్న ఆడపిల్ల మాత్రం అరుదు. ఉన్నవాళ్ళలో లోకం ఎక్కువగా చెప్పుకునేది ఒక్కావిడ గురించే. ఇప్పుడు టర్కీలో ఇస్తాంబుల్ అంటున్నామే, అప్పటి కాన్‌స్టాంటినోపుల్, ఆ నగరం రాజధానిగా తూర్పు రోమన్ సామ్రాజ్యాన్ని భర్తతో కలిసి ఏలిన మహారాణి.

ఎలుగుబంట్ల కాపరి కూతురు

దేవుడి కానుక అని పేరైతే పెట్టారు గానీ, ఆ పిల్లకు పుట్టింట్లో దక్కిన కానుకలేమీ లేవు. పుట్టింది 500 ప్రాంతంలో. తండ్రి అకాకియస్ ఎలుగుబంట్ల కాపరి. ఆ రోజుల్లో రాజధానిలో రథాల పందేలంటే జనం పడిచచ్చేవాళ్ళు. నీలి జట్టు, ఆకుపచ్చ జట్టు అని రెండు పెద్ద జట్లు. పందేలతో పాటు ఎలుగుబంట్ల ఆటలూ, నాట్యాలూ, హాస్య ప్రదర్శనలూ ఉండేవి. అకాకియస్ ఆకుపచ్చ జట్టు వారి జంతువులను సాకేవాడు. ఇంట్లో ముగ్గురు ఆడపిల్లలు. పెద్దది కొమిటో, నడిపిది థియోడోరా, చిన్నది అనస్తాసియా. పెద్దదానికి ఏడేళ్ళయినా నిండకుండానే తండ్రి జబ్బుచేసి పోయాడు.

తల్లి మారుమనువు చేసుకుంది. వచ్చినవాడికి ఆ పాత కొలువు దొరికితే పిల్లలకు ఇంత ముద్ద దొరుకుతుందని ఆమె ఆశ. కానీ జట్టులో పెత్తనం చేసేవాడొకడు లంచం తిని ఆ కొలువును ఇంకొకడికి కట్టబెట్టాడు. అప్పుడు ఆ తల్లి ఏం చేసిందో చూడండి. ముగ్గురు పిల్లల తలలకు పూలదండలు చుట్టి, చేతుల్లోనూ దండలు పెట్టి, నిండు మైదానంలో వేల జనం ఎదుట దయ చూపమని వేడుకుంటూ కూర్చోబెట్టింది. ఆకుపచ్చ జట్టు వాళ్ళు తిరిగి చూడలేదు. నీలి జట్టులో ఎలుగుబంట్ల కాపరి అప్పుడే చనిపోవడంతో వాళ్ళు మాత్రం ఈ మారుతండ్రికి ఆ పని ఇచ్చారు. తర్వాతి కాలంలో థియోడోరా ఎప్పుడూ నీలి జట్టు పక్షమే వహించింది. పసితనంలో ఆకలి వేళ ఎవరు అన్నం పెట్టారో, ఎవరు మొహం తిప్పుకున్నారో మర్చిపోతామా!

పెద్దపిల్ల ఈడు రాగానే రంగస్థలం ఎక్కింది. థియోడోరా పనిపిల్లలా పొడుగు చేతుల అంగీ తొడుక్కుని, అక్క కూర్చునే పీటను భుజాన మోసుకుంటూ వెంట తిరిగేది. తర్వాత తనూ నటి అయింది. నవ్వించడంలో ఆమెను మించినవాళ్ళు లేరని పేరు తెచ్చుకుంది. కానీ అప్పటి చట్టం నటిని వెలయాలితో సమానంగా చూసేది. పెద్దింటి మగవాళ్ళు ఆమెను పెళ్ళాడటానికి వీల్లేదు. కడుపు కోసం ఒళ్ళమ్ముకోవాల్సి వచ్చిన రోజులూ ఆమె చూసింది. ఆమెను మెచ్చుకున్న మతగురువు ఒకాయన కూడా ఆ సంగతిని దాచకుండా రాశాడు.

హెకెబోలస్ అనే అధికారి లిబియాలోని పెంటాపోలిస్‌కు గవర్నరుగా వెళుతూ ఆమెను వెంట తీసుకెళ్ళాడు. కొన్నాళ్ళకు గెంటేశాడు. చేతిలో చిల్లిగవ్వ లేదు, ఊరు కాని ఊరు. అక్కణ్ణుంచి ఈజిప్టులోని అలెగ్జాండ్రియా చేరింది. తర్వాత ఊళ్ళన్నీ దాటుకుంటూ మళ్ళీ రాజధానికి వచ్చింది. రాజభవనం దగ్గర చిన్న ఇంట్లో ఊలు వడుకుతూ బతికిందని తరవాతి కాలపు కథ ఒకటి చెబుతుంది.

ఆమె కోసం మారిన చట్టం

అప్పటి చక్రవర్తి జస్టిన్ మేనల్లుడు జస్టీనియన్. మేనమామా, మేనల్లుడూ ఇద్దరూ పల్లెటూరి రైతు కుటుంబంలో పుట్టినవాళ్ళే. జస్టీనియన్ థియోడోరాను చూసి మనసు పడ్డాడు. ఉంచుకోవడానికైతే ఎవరూ అభ్యంతరం చెప్పేవాళ్ళు కాదేమో! అతను పెళ్ళే చేసుకుంటానన్నాడు. చక్రవర్తి భార్య యుఫేమియా ససేమిరా అంది. విచిత్రం ఏమిటంటే ఆవిడా ఒకప్పుడు బానిసే. గట్టు దాటిన వాళ్ళకు వెనకవాళ్ళు కనిపించరు కాబోలు.

యుఫేమియా పోయాక చక్రవర్తి కొత్త చట్టం తెచ్చాడు. ఆ వృత్తి మానేసిన నటీమణులు ఎంత పెద్దింటి వాళ్ళనైనా పెళ్ళాడవచ్చు. వాళ్ళ కూతుళ్ళకూ ఆ మచ్చ అంటదు. ఒక్క పెళ్ళి కోసం పుట్టిన చట్టమే అయినా, దాని నీడన ఎందరు ఆడవాళ్ళు తలెత్తుకుని ఉంటారో కదూ! 525 ప్రాంతంలో పెళ్ళి జరిగింది. 527లో ఇద్దరూ సింహాసనం ఎక్కారు.

532 జనవరిలో నీలి, ఆకుపచ్చ జట్లు ఒక్కటై తిరగబడ్డాయి. పన్నుల మీద కోపం, అధికారుల మీద కోపం. గ్రీకులో గెలుపు అని అర్థమొచ్చే నికా అన్న కేకతో ఊరు తగలబడింది. జనం హైపేటియస్ అనే పెద్దమనిషికి కిరీటం పెట్టేశారు. ఓడలు సిద్ధం చేసుకుని పారిపోదామని భవనంలో మంతనాలు జరిగాయి. మగవాళ్ళంతా తర్జనభర్జన పడుతుంటే థియోడోరా లేచి, తను మాత్రం కదలనంది. పారిపోయి బతకడం కంటే రాణిగా చావడమే మేలన్నది ఆమె మాటల సారం. చక్రవర్తి ఆగిపోయాడు. సేనాపతులు బెలిసారియస్, ముండస్ పందేల మైదానాన్ని చుట్టుముట్టారు. 30,000 మంది చనిపోయారని అప్పటి లెక్క. సింహాసనం నిలిచింది. కానీ దండలతో తను కూర్చున్న మైదానంలోనే అంత నెత్తురు పారింది. ఆ ధైర్యాన్ని మెచ్చుకునేటప్పుడు ఈ లెక్క కూడా గుర్తుంచుకోవాలని నాకనిపిస్తుంది.

అయిదు బంగారు కాసులు

నా మనసును పట్టుకున్న ఘట్టం మాత్రం సింహాసనం కాదు, బానిసత్వం లాంటి ఒక బేరం. ఊళ్ళ నుంచి బీదవాళ్ళ ఆడపిల్లలను చెప్పులిస్తాం, బట్టలిస్తాం అని ఆశపెట్టి తెచ్చి, వాళ్ళ చేత ఒప్పందాలు రాయించుకుని, రాజధాని వేశ్యావాటికల్లో పడేసేవాళ్ళు. పదేళ్ళు కూడా నిండని పిల్లలు వాళ్ళలో ఉన్నారని అప్పటి చట్టమే చెబుతోంది. థియోడోరా ఆ ఇళ్ళు నడిపే వాళ్ళను రప్పించి, ఒక్కొక్క పిల్లను ఎంతకు కొన్నారో ప్రమాణం చేసి చెప్పమందట. తల్లిదండ్రులకు అయిదేసి బంగారు నాణేలు ఇచ్చామన్నారు. ఆ సొమ్ము తన ఖజానాలోంచి లెక్కకట్టి ఇచ్చి, పిల్లలను విడిపించి, తలా ఒక జత బట్టలూ ఒక బంగారు నాణెమూ ఇచ్చి పంపింది. మలాలస్ అనే అప్పటి చరిత్రకారుడు ఈ సంగతి రాశాడు. 535లో ఆ వ్యాపారాన్నే నిషేధిస్తూ చట్టం వచ్చింది. బలాత్కారానికి మరణశిక్ష, ఆర్మీనియాలో ఆడపిల్లలకు ఆస్తిలో సమాన వాటా, ఇలాంటి చట్టాలన్నీ జస్టీనియన్ పేరున ఆ రోజుల్లో వచ్చినవే.

సముద్రం అవతలి ఒడ్డున ఒక పాత భవనాన్ని ఆశ్రమంగా మార్చి, అయిదు వందల మందికి పైగా ఆడవాళ్ళకు నీడ ఇచ్చారు. దానికి పశ్చాత్తాపం అని అర్థం వచ్చే మెటనోయియా అన్న పేరు పెట్టారు. ఆ పేరు నాకు కొంచెం గుచ్చుకుంటుంది. అమ్మినవాడూ కొన్నవాడూ హాయిగా ఉంటే, పశ్చాత్తాపం ఆ పిల్లలదా?

ఒకే కలం, రెండు నాలుకలు

ఇక్కడ ప్రొకోపియస్ అనే చరిత్రకారుడి గురించి చెప్పాలి. బెలిసారియస్ దగ్గర పనిచేసిన పండితుడు. థియోడోరా గురించి మనకు తెలిసిన దాంట్లో ఎక్కువ భాగం ఆయన రాసిందే. యుద్ధాల చరిత్రలో ఆమె ధైర్యాన్ని పొగిడాడు. చక్రవర్తి కట్టడాల మీద రాసిన పుస్తకంలో ఆ ఆశ్రమాన్ని ఆకాశానికెత్తాడు. అదే మనిషి రహస్యంగా మూడో పుస్తకం రాసి దాచుకున్నాడు. అందులో అదే ఆశ్రమాన్ని చెర అన్నాడు. అక్కడుండలేక కొందరు రాత్రివేళ పైనుంచి దూకి ప్రాణాలు తీసుకున్నారన్నాడు. థియోడోరా యవ్వనం గురించి నోటితో చెప్పలేని రాతలు రాశాడు. మొగుళ్ళ మీద ఫిర్యాదు చేసే ఆడవాళ్ళను వెనకేసుకొస్తుందనీ ఆమె మీద ఒక నేరం!

ఆ రహస్య గ్రంథం వెయ్యేళ్ళు దాటాక, 1623లో అచ్చయింది. అప్పటి నుంచీ లోకం ఆమెను ఆ పుటల్లోంచే చూసింది. నాటకాలు కూడా వచ్చాయి. 1884లో పారిస్‌లో సారా బెర్న్‌హార్ట్ థియోడోరాగా వేసింది.

ఇంటిపని మధ్య నాలుగు కథలు రాసుకునేదాన్ని నేను. పాత్ర మీద కోపం ఉంటే కలం ఎటు వంగుతుందో నాకూ తెలుసు. ప్రొకోపియస్ చెప్పినవన్నీ అబద్ధాలని నేననను. ఎలుగుబంట్ల కాపరి కథ, పూలదండల కథ, భుజాన మోసిన పీట కథ మనకు అందింది కూడా ఆ పుస్తకం నుంచే. ఆయన అవమానిద్దామని రాసిన ఆ వివరాలే ఇవాళ చదివితే గుండెను పిండుతున్నాయి.

ఆమె దేవత కాదు. పగ పడితే వదిలేది కాదు. 541లో శత్రువైన మంత్రి జాన్‌ను కూలదోయడానికి ఆ మంత్రి సొంత కూతురి అమాయకత్వాన్నే వలగా వాడుకున్నారు, ఆ పథకం వెనక ఈమె ఉంది. అలాంటి మనిషే భర్త పక్షం కాని మతగురువులను తన భవనాల్లో దాచి కాపాడింది. పదవి పోయిన ఒక మతాధిపతి పన్నెండేళ్ళ పాటు రాణివాసంలోనే తలదాచుకున్నాడనీ, ఆమె పోయాక గానీ ఆ సంగతి బయటపడలేదనీ చెబుతారు.

చట్టంలో మిగిలిన పేరు

థియోడోరా 548 జూన్ 28న కన్నుమూసింది. కాన్సర్ అని చరిత్రకారుల అభిప్రాయం. జస్టీనియన్ ఇంకా పదిహేడేళ్ళు బతికాడు, మళ్ళీ పెళ్ళి చేసుకోలేదు. 559లో ఊరేగింపుగా నగరంలోకి వస్తూ దారిలో ఆగి, ఆమె సమాధి దగ్గర దీపాలు వెలిగించాడు. అప్పటికి ఆమె పోయి పదకొండేళ్ళు.

అంతకు చాలా ముందే, 535లో, లంచం ఇచ్చి గవర్నరు పదవులు కొనుక్కోవడాన్ని ఆపుతూ అతను ఒక చట్టం చేశాడు. తండ్రి కొలువును లంచానికి పోగొట్టుకున్న పిల్ల మహారాణిగా ఉన్న రోజులవి. దేవుడు తనకిచ్చిన భార్యను సంప్రదించే ఆ నిర్ణయం తీసుకున్నానని చక్రవర్తి ఆ చట్టంలోనే రాయించాడు. దేవుడు ఇచ్చిన అన్న ఆ మాట ఆమె పేరుకు అర్థమే! చక్రవర్తి శాసనంలో భార్య సలహాను ఒప్పుకోవడం ఒక వింత, ఆమె పేరును ఇలా పొదగడం ఇంకో వింత.

ఆరేళ్ళ లోపే కట్టి 537లో ప్రారంభించిన హేగియా సోఫియా ఇస్తాంబుల్‌లో ఇప్పటికీ ఉంది. సోఫియా అంటే గ్రీకులో జ్ఞానం. అప్పుడు చర్చి, 2020 నుంచి మళ్ళీ మసీదు. దాని స్తంభాల తలల మీద జస్టీనియన్ పేరుతో పాటు థియోడోరా పేరును అక్షరాలు అల్లి చెక్కారు. అక్కడికి దగ్గర్లోని చిన్న హేగియా సోఫియాలో గోడ చుట్టూ ఉన్న శాసనం, ఆమె బీదల ఆకలి తీర్చడానికి పాటుపడేదని చెబుతుంది. పుస్తకం దాచుకుని రాసినది. ఈ పేరు మాత్రం అందరూ చూసేలా రాతిలో చెక్కినది.