హార్లెం బిడ్డ ఆడమ్ క్లేటన్ పావెల్

అమెరికా నల్లజాతి నాయకులు అనగానే మన హాస్టల్ ఉపన్యాస పోటీల్లో వినిపించే పేరు మార్టిన్ లూథర్ కింగ్. ఆయనకన్నా ఇరవై ఏళ్లు ముందే పుట్టి, వీధిలో మొదలుపెట్టిన పోరాటాన్ని చట్టసభలోకి తీసుకెళ్లిన ఇంకొకాయన ఉన్నారు. ఆయనే ఆడమ్ క్లేటన్ పావెల్. న్యూయార్క్ నగరంలో నల్లవారు ఎక్కువగా ఉండే హార్లెం నుంచి 1945లో ప్రతినిధుల సభకు వెళ్లి, మధ్యలో వెళ్లగొట్టినా మళ్లీ గెలిచి, 1971 జనవరి దాకా సభ్యుడిగా ఉన్నారు. ఈ సభ మన లోక్‌సభ లాంటిది. ప్రభుత్వ సొమ్ముతో నడిచే బడిలోనూ, ప్రభుత్వ సొమ్ముతో పెట్టే అన్నంలోనూ మనిషికీ మనిషికీ తేడా చూపిస్తే ఆ సొమ్ము ఆపెయ్యాలన్నది ఆయన పట్టు. ప్రభుత్వం ఇచ్చే బియ్యం తిని చదువుకున్న మనకు ఈ మాట కొత్తగా వివరించనక్కర్లేదు.

పావెల్ 1908 నవంబర్ 29న కనెక్టికట్ రాష్ట్రంలోని న్యూ హేవెన్‌లో పుట్టారు. తండ్రి 1865లో, అంటే అమెరికాలో బానిసత్వం రద్దయిన సంవత్సరంలో, కటిక పేదరికంలో పుట్టి, చదువుకొని పాస్టర్ అయిన మనిషి. హార్లెంలోని అబిసీనియన్ బాప్టిస్ట్ చర్చిని 10 వేల మందికి పైగా సభ్యులున్న సంఘంగా పెంచింది ఆయనే. కాబట్టి మన పావెల్ ఆకలి తెలియని ఇంట్లో పెరిగారు. ఒంటి రంగు కూడా తెలుపు. తెలియనివాళ్లు తెల్లవాడే అనుకునేవారు.

ఆ రంగే కోల్గేట్ కాలేజీలో ఆయనకు పరీక్ష పెట్టింది. అక్కడ నల్ల విద్యార్థులు వేళ్లమీద లెక్కపెట్టేటంత మందే. మొదట్లో పావెల్ తానెవరో చెప్పకుండా తెల్లపిల్లల్లో కలిసిపోయారు. విషయం బయటపడగానే అదే గదిలో ఉంటున్న తెల్ల విద్యార్థి ఆయనతో కలిసి ఉండనన్నాడు. నల్ల విద్యార్థులకూ కోపం వచ్చింది, మమ్మల్ని వద్దనుకున్నావు కదా అని. పట్నంలో అద్దె గదికి వెళ్లి, ఊరి పేరు తర్వాత ఇంటిపేరు కూడా అడిగితే ఏం చెప్పాలా అని తడబడ్డవాళ్లు మనలో చాలామందే ఉంటారు. ఆ కుర్రవాణ్ణి తప్పుపట్టే ముందు అది గుర్తుచేసుకుందాం. 1930లో డిగ్రీ, 1932లో కొలంబియా విశ్వవిద్యాలయంలో ఎం.ఏ. పూర్తిచేశారు. 1913లో బాబాసాహెబ్ అంబేద్కర్ గారు చేరిన కొలంబియా అదే. హార్లెం పక్కనే ఉంటుంది.

అప్పటికి అమెరికాను పెద్ద ఆర్థిక మాంద్యం కుదిపేస్తోంది. పావెల్ చర్చిలో వంటశాల తెరిపించి ఆకలిగొన్నవారికి అన్నం పెట్టించారు. 1937లో తండ్రి స్థానంలో తానే పాస్టర్ అయ్యారు. హార్లెం దుకాణాల్లో సరుకు కొనేది నల్లవారు, జీతం తీసుకునేది తెల్లవారు. మాకు ఉద్యోగమివ్వని కొట్టులో మేం కొనం అని జనాన్ని కొట్ల ముందు నిలబెట్టారు. 1941లో సిటీ బస్సులను బహిష్కరించారు. జనం నడిచి వెళ్లారు తప్ప బస్సెక్కలేదు. సుమారు నెల రోజుల్లో కంపెనీలు దిగొచ్చి నల్లవారిని డ్రైవర్లుగా తీసుకోవడానికి ఒప్పుకున్నాయి. కింగ్ గారి మాంట్‌గామరీ బస్సు పోరాటం దీనికి పద్నాలుగేళ్ల తర్వాతది. అదే సంవత్సరం పావెల్ న్యూయార్క్ నగర కౌన్సిల్‌కు ఎన్నికైన తొలి నల్లజాతీయుడయ్యారు. 1944 ఎన్నికల్లో ప్రతినిధుల సభకు గెలిచారు.

1945 జనవరిలో ఆయన వెళ్లేసరికి సభలో ఇంకొక నల్ల సభ్యుడు, షికాగోకు చెందిన విలియం డాసన్, మాత్రమే ఉన్నారు. సభ భవనంలోని భోజనశాల, సెలూన్ నల్లవారికి కావని రాయని రూలు ఒకటి నడిచేది. పావెల్ అనుమతి అడగలేదు. తన ఆఫీసు సిబ్బందినీ, హార్లెం నుంచి వచ్చిన ఓటర్లనూ వెంటబెట్టుకుని వెళ్లి భోజనానికి కూర్చున్నారు. మిసిసిపీ సభ్యుడు జాన్ రాంకిన్‌కు నల్లవాడి పక్కన కూర్చోవడం గిట్టదని తెలిసి, కావాలనే ఆయన పక్క కుర్చీ కోసం వెతికేవారు. ఈ భాగం ఎన్నిసార్లు చదివినా నాకు నవ్వొస్తుంది.

అసలు పని మాత్రం కాగితం మీద జరిగింది. 1946లో బడి పిల్లల మధ్యాహ్న భోజనానికి కేంద్రం డబ్బిచ్చే చట్టం వచ్చినప్పుడు, జాతి భేదం చూపకూడదన్న సవరణను అందులో చేర్పించారు. అప్పటినుంచి కేంద్రం సొమ్ము ఇచ్చే బిల్లు ఏది వచ్చినా అదే షరతు పట్టుకుని లేచేవారు. దానికి పావెల్ సవరణ అనే పేరు పడిపోయింది.

1956లో ఆ షరతు ఆయన మెడకే చుట్టుకుంది. బడులు కట్టడానికి రాష్ట్రాలకు డబ్బిచ్చే బిల్లు వచ్చింది. వేరుబడులు నడిపేవారికి పైసా ఇవ్వకూడదని పావెల్ సవరణ పెట్టారు. ఆ మాట ఉంటే దక్షిణాది సభ్యులు ఓటెయ్యరు. బడులకు కేంద్రం డబ్బివ్వడమే ఇష్టంలేని కొందరు, బిల్లును ముంచడానికే, సవరణకు ఓటేసి తర్వాత బిల్లును ఓడించారు. ముందు బడి గదులు రానివ్వు, న్యాయం తర్వాత చూద్దామని మిత్రులే ఆయన మీద విరుచుకుపడ్డారు. ఆగిపోయిన గదుల్లో నల్లపిల్లల గదులూ ఉన్నాయి, కాదనలేం. అయినా వేరుగా కూర్చోబెట్టడానికి కట్టే గదికి నల్లవాడి పన్ను కూడా ఎందుకు పోవాలి? నా మటుకు పావెల్ పక్షమే.

దీనికి ఒక ఏడాది ముందు, 1955 ఏప్రిల్‌లో, ఇండోనేషియాలోని బాండుంగ్‌లో ఆసియా, ఆఫ్రికా దేశాల సమావేశం జరిగింది. మన నెహ్రూ గారు ముందుండి నడిపిన 29 దేశాల సభ అది. అమెరికా ప్రభుత్వం పంపనంటే పావెల్ తనంతట తానే వెళ్లారు. వెళ్లి, అక్కడ మాత్రం తన దేశాన్ని వెనకేసుకొచ్చారు! ఆయన్ని పూర్తిగా ఎవరి గాటనా కట్టెయ్యలేం.

1961లో పావెల్ విద్య, కార్మిక వ్యవహారాల కమిటీకి ఛైర్మన్ అయ్యారు. అంతకుముందు ఛైర్మన్ గ్రాహం బార్డెన్ వేరుబడుల పక్షపాతి, పావెల్‌కు ఉపసంఘం కూడా దక్కనివ్వలేదు. ఆయన తప్పుకోగానే సీనియారిటీ ప్రకారం కుర్చీ పావెల్‌కే వచ్చింది. కెనడీ, జాన్సన్ అధ్యక్షులుగా ఉన్న ఆ ఆరేళ్లలో కనీస వేతనం పెంపు, వృత్తి విద్య, పేదరిక నిర్మూలన, పేద పిల్లల బడులకు కేంద్ర నిధులు, కాలేజీ విద్యార్థులకు ఆర్థిక సాయం, ఇవన్నీ ఆ కమిటీ గుండానే చట్టాలయ్యాయి. 1964 పౌరహక్కుల చట్టంలో ఆరో అధ్యాయంగా పావెల్ షరతు దేశమంతటికీ వర్తించింది. ఆ మరుసటి ఏడాదే బడులకు పెద్ద మొత్తంలో నిధులు వచ్చాయి. సొమ్ము కావాలంటే తలుపు తెరవాలి. 1964లో దక్షిణ రాష్ట్రాల నల్లపిల్లల్లో తెల్లపిల్లలతో కలిసి చదివేవారు 100కి ముగ్గురు కూడా లేరు. కోర్టు తీర్పులూ, ఈ షరతూ కలిసి కొద్ది ఏళ్లలోనే ఆ లెక్కను తిరగరాశాయి.

ఇక ఆయన తప్పుల సంగతి. దాచి లాభం లేదు. సభకు రాకుండా తిరిగేవారు. కమిటీ డబ్బుతో విహారాలు చేశారు. పని చెయ్యని భార్య పేరున ఆఫీసు జీతం నడిచింది. 1960లో టీవీలో ఒక హార్లెం మహిళపై లంచాల ఆరోపణ చేసి, పరువునష్టం కేసులో ఓడిపోయి కూడా డబ్బు కట్టలేదు. అరెస్టు తప్పించుకోవడానికి కొంతకాలం ఆదివారాలు మాత్రమే హార్లెం వచ్చేవారు, తర్వాత అదీ మానేసి బహామాస్‌లోని బిమినీ దీవిలో కూర్చున్నారు. అంత నమ్ముకున్న జనానికి దూరంగా చేపలు పట్టుకుంటూ గడపడం నాకు మింగుడు పడదు.

1967 జనవరిలో సొంత పార్టీయే ఛైర్మన్ పదవి లాక్కుంది. సభ వేసిన విచారణ సంఘం జరిమానా వేసి సభ్యత్వం ఉంచమంది. సభ వినలేదు. మార్చి 1న 307 మంది ఒకవైపు, 116 మంది ఒకవైపు ఓటేసి ఆయన్ని సభ్యుడిగానే చేర్చుకోలేదు. ఇలాంటి తప్పులే చేసిన తెల్ల సభ్యులు హాయిగా కూర్చున్నారని హార్లెం మండిపడింది. ఏప్రిల్‌లో ఉప ఎన్నిక పెడితే, దీవి దాటి రాని పావెల్‌కు 100కి 85కు పైగా ఓట్లు పడ్డాయి. 1968లో మళ్లీ గెలిచారు. ఈసారి 25 వేల డాలర్ల జరిమానా వేసి, సీనియారిటీ తీసేసి చేర్చుకున్నారు. 1969 జూన్ 16న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. వయసు, పౌరసత్వం, నివాసం, ఈ అర్హతలుండి జనం ఎన్నుకున్న మనిషిని చేర్చుకోమనే హక్కు సభకు లేదని. ఆ తీర్పును అమెరికా న్యాయ విద్యార్థులు ఇప్పటికీ చదువుతారు.

కోర్టులో గెలిచినా ఒంట్లో జబ్బు, సభలో గైర్హాజరు. 1970 జూన్‌లో పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ఎన్నికలో చార్లెస్ రాంగెల్ అనే కుర్ర నాయకుడు సుమారు 150 ఓట్ల తేడాతో పావెల్‌ను ఓడించారు. తప్పులన్నీ తెలిసి కూడా ఇన్నేళ్లు మోసిన జనం, ఆయన కళ్లకు కనబడటం మానేశాకే చెయ్యి వదిలారు. 1972 ఏప్రిల్ 4న మయామీలో 63 ఏళ్ల వయసులో పావెల్ కన్నుమూశారు. చితాభస్మాన్ని బిమినీ దీవిలో చల్లారు. హార్లెంలో ఏడో అవెన్యూకు ఆయన పేరు పెట్టారు.