‘ఒక ఊరి కథ’కు వెలుగునిచ్చిన ఛాయాగ్రాహకుడు మహాజన్

తెలంగాణ పల్లె దారిద్ర్యాన్ని వెండితెరపై నిర్మొహమాటంగా నిలిపిన ‘ఒక ఊరి కథ’ 1977లో వచ్చింది. దర్శకుడు మృణాల్ సేన్ పేరు అందరికీ తెలుసు. ఆ చిత్రానికి కెమెరా పట్టిన కె.కె. మహాజన్ పేరు మాత్రం మన ప్రేక్షకులలో కొందరికే పరిచయం. ఆయన తెలుగువాడు కాదు, బెంగాలీ కూడా కాదు. 1944లో పంజాబ్‌లోని గురుదాస్‌పూర్‌లో జన్మించారు.

పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం అభ్యసించి 1966లో పట్టభద్రులయ్యారు. స్టూడియోలలో ఏళ్ల తరబడి సహాయకుడిగా పనిచేస్తేనే కెమెరా చేతికందే రోజులవి. మహాజన్‌కు ఆ నిరీక్షణ తప్పింది. ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చిన స్వల్ప రుణాలతో ‘భువన్ షోమ్’, ‘సారా ఆకాశ్’, ‘ఉస్కీ రోటీ’ ఒకదాని వెంట ఒకటి రూపొందాయి. నవ్య హిందీ సినిమాకు నాంది పలికిన ఆ మూడు చిత్రాలకూ ఛాయాగ్రాహకుడు ఆయనే. అప్పటికి వయసు పాతికేళ్లు!

డబ్బు లేమి ఆయన పనితీరును మలచింది. సెట్టింగులు వేసే స్తోమత లేదు గనుక నిజమైన ఇళ్లు, వీధులు, ఇసుక తిన్నెలే రంగస్థలాలయ్యాయి. ‘సారా ఆకాశ్’ను ఆగ్రాలోని ఇరుకు ఇంటిలో తీశారు. ‘భువన్ షోమ్’లో సౌరాష్ట్ర ఎండను ఉన్నది ఉన్నట్లుగా పట్టుకున్నారు. మణి కౌల్‌కు నిశ్చలమైన సుదీర్ఘ దృశ్యం కావాలి, మృణాల్ సేన్‌కు కలకత్తా వీధుల వెంట పరుగెత్తే కెమెరా కావాలి. పొంతనలేని ఈ రెండు అభిరుచులనూ ఒకే మనిషి తీర్చడం విశేషం. ‘ఇంటర్వ్యూ’లోనైతే ట్రాములో చిత్రీకరిస్తున్న మహాజనే తెరపై ప్రత్యక్షమవుతారు.

‘సారా ఆకాశ్’, ‘ఉస్కీ రోటీ’, ‘మాయా దర్పణ్’, ‘కోరస్’ చిత్రాలు ఆయనకు నాలుగు జాతీయ పురస్కారాలు తెచ్చాయి. ‘రజనీగంధ’, ‘ఛోటీ సీ బాత్’ వంటి మధ్యతరగతి కథలకూ ఆయనే పనిచేశారు. ఆ హాయిగొలిపే బొంబాయి వీధులను చూసినవారిలో ఎందరికి ఛాయాగ్రాహకుడి పేరు గుర్తుందో!

ప్రేమ్‌చంద్ ‘కఫన్’ ఆధారంగా తీసిన ‘ఒక ఊరి కథ’ ఆయనకు మరో పరీక్ష. పని చేయడానికి నిరాకరించే తండ్రీకొడుకులు, వారి నడుమ నలిగిపోయి ప్రసవవేదనతో కన్నుమూసే కోడలు. ఇంతటి దైన్యాన్ని రంగులలో చూపేటప్పుడు పేదరికం అందమైన చిత్తరువుగా మారే ప్రమాదం ఉంది. ఆ చిత్రం అలా మారలేదు. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది.

తర్వాత కూడా ‘ఏక్ దిన్ ప్రతిదిన్’, ‘ఆకాలేర్ సంధానే’, ‘ఖారిజ్’, ‘ఖండహర్’లలో మృణాల్ సేన్ వెంటే నిలిచారు. ‘ఆకాలేర్ సంధానే’ 1981లో బెర్లిన్‌లోనూ, ‘ఖారిజ్’ 1983లో కేన్స్‌లోనూ బహుమతులు అందుకున్నాయి. మహాజన్ 2007 జూలై 13న ముంబైలో కన్నుమూశారు.