సర్ థామస్ మన్రో

పన్నులు వసూలు చేయు అధికారిని ప్రజలు ప్రేమతో తలచుకొనుట లోకమున అరుదు. ఖమ్మముసీమ అడవుల అంచున, గోదావరి యొడ్డున నున్న భద్రాచలమునకు పోయినవారు కంచర్ల గోపన్నను స్మరింపక మానరు. గోల్కొండ ప్రభువగు తానీషా కాలమున ఆయన పాల్వంచ పరగణాకు తహసీలుదారు. కాని ఆయన పేరు నిలిచినది రామభక్తిచేతనే గాని ఉద్యోగముచేత గాదు. ఆయనకు నూరేండ్లకు పిమ్మట, కృష్ణకు దక్షిణమున, కేవలము తన ఉద్యోగముచేతనే తెలుగు రైతుల నోళ్లలో నిలిచిన అధికారి యొకడు కలడు. ఆతడు తెలుగువాడు గాడు. ఈ దేశమువాడే గాడు.

థామస్ మన్రో 1761వ సంవత్సరము మే 27వ తేదీన స్కాట్లండు దేశమందలి గ్లాస్గో నగరమున జన్మించెను. తండ్రి అమెరికాలోని వర్జీనియాతో పొగాకు వర్తకము చేసెడివాడు. అమెరికావారు స్వాతంత్ర్యమునకై ఇంగ్లండుపై తిరుగబడగా ఆ వర్తకము కూలిపోయి కుటుంబము చితికిపోయెను. చిన్ననాటి జబ్బువలన మన్రోకు వినికిడి తగ్గెను; ఆ కొరత కడవరకు వదలలేదు. అట్టి యువకుడు 1780 జనవరిలో ఈస్టిండియా కంపెనీ కాల్బలమున కేడెట్టుగా మద్రాసు రేవున దిగెను. ఆ యేడే హైదరాలీ కర్ణాటకముపై దండెత్తుటచే, వచ్చినవెంటనే యుద్ధరంగమున నిలువవలసి వచ్చెను. తీరిక దొరికినపుడు ఆతడు పారసీ, హిందూస్థానీ భాషలు నేర్చెను. ఆ చదువే ఆతని జీవితమును మలుపు త్రిప్పినది. టిప్పు సుల్తాను 1792లో విడిచిన బారామహలు సీమలో పాలనకు ఈ దేశపు భాషలెరిగిన వారు కావలసి రాగా, సైన్యాధికారి యగు రీడు దొర క్రింద మన్రో నియమింపబడెను. జమీందారుల ప్రసక్తి లేక రైతుతోనే నేరుగా శిస్తు నిర్ణయించు పద్ధతి ఆతని కచ్చటనే పట్టువడెను.

1800లో నిజాము, తన రక్షణకై కంపెనీవారుంచిన సైన్యపు ఖర్చు క్రింద, బళ్లారి, అనంతపురము, కడప సీమలను, కర్నూలు సీమలో కొంతభాగమును వారికి వదలుకొనెను. ఇవియే దత్తమండలములు. వీనికి మన్రో ప్రధాన కలెక్టరయ్యెను. ఊరూర కోటలు, వాని వెనుక ఇంచుమించు 80 మంది పాలెగాండ్రు; వారి దోపిడికి జడిసి రైతులు పొలములు విడిచి పోవుచుండిరి. మన్రో పాలెగాండ్ర నణచి, కొందరిని వెళ్లగొట్టి, కొందరికి భరణము లేర్పరచెను. ఈ విషయమున ఆతడు కఠినుడే. పై యధికారులే తప్పుపట్టిరి. తరువాతి కాలమున, 1846లో, ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తిరుగుబాటునకు ఇట్టి భరణపు తగవే మూలమయ్యెను.

ఏడేండ్లు మన్రో డేరాలలోనే కాపురముండి ఊరినుండి ఊరికి తిరిగెను. రైతులు చెట్టునీడను గుమిగూడి చెప్పుకొను మొరలు దుబాసీ లేకుండ వినెడివాడు. 1802 మొదలు నాలుగైదేండ్లు సీమ యంతయు కొలిపించి, నేలసారమునుబట్టి శిస్తు కట్టించెను. కంపెనీ రాబడి సగము పెరిగెను. మరియొకడైన అంతటితో సంతసించి యుండును. మన్రో మాత్రము ఈ శిస్తు రైతు మోయలేడని గ్రహించి, 1807లో సెలవుపై స్వదేశమునకు పోవుటకు ముందు, మెట్టకును మాగాణికిని నాల్గవ వంతు, తోటభూములకు మూడవ వంతు తగ్గింపుమని వ్రాసెను.

ప్రభుత్వము తగ్గింపలేదు. పైపెచ్చు గ్రామములను గుత్తకిచ్చెను. మొదట మూడేండ్లకు, పిదప పదేండ్లకు. గుత్తదారులు రైతును పిండిరి. పలువురు తామును దివాలా తీసిరి.

సముద్రమునకు ఆవల నుండియు మన్రో ఈ రైతులను మరువలేదు. పార్లమెంటు విచారణలో సాక్ష్యము చెప్పి, 1814లో న్యాయవిచారణ సంఘమునకు అధ్యక్షుడై మరల మద్రాసు చేరెను. అప్పటి న్యాయస్థానములు దూరము, వ్యవహారము సాగదు, ఖర్చు పేదవాని తరము గాదు. కత్తి పట్టిన చేయి ఇపుడు ధర్మాసనమును చక్కదిద్దసాగెను. 1816 నాటి చట్టములచే గ్రామమునసబులు, పంచాయతులు, జిల్లా మునసబులు ఏర్పడిరి. పది రూపాయలలోపు తగవు ఊరిలోనే తీరునట్లయ్యెను. నడుమ 1817-18లో మరాఠా యుద్ధమునకై మరల గుఱ్ఱమెక్కి, కొద్దిపాటి బలముతోనే దక్షిణ మహారాష్ట్రమును సాధించెను.

1820 జూనులో మన్రో మద్రాసు గవర్నరయ్యెను. పదుమూడేండ్ల క్రిందట కలెక్టరుగా అడిగి కాదనిపించుకొన్న శిస్తు తగ్గింపు ఆ యేడే అమలులోనికి వచ్చెను. గుత్తలు పోయి రైతువారీ మరల నెలకొనెను. ఊరి బడులెన్ని యున్నవో 1822లో లెక్క తీయింపగా, రాజధాని యంతట 12,498 తేలెను. వానికి తోడు ప్రతి తహసీలునకు ఒక పాఠశాల యుండవలెనని 1826లో నిర్ణయించెను. ఈ దేశీయులకు పెద్ద పదవులు దక్కనంతవరకు వారు బాగుపడరని ఆతడు పై వారికి వ్రాయుచుండెను. ఆనాటి తెల్లదొరలలో ఇట్టి మాట వ్రాసినవారు కొలదిమందియే.

పదవి వదలి ఇల్లు చేరుటకు అనుమతి యడిగియు, బర్మా యుద్ధమువలన నిలిచిపోయెను. భార్య జబ్బుపడిన కుమారునితో 1826లో ఓడనెక్కెను. తానును పోవుటకు ముందు దత్తమండలములను మరియొకసారి చూడవలెనని 1827లో బయలుదేరెను. గుత్తి చేరునప్పటికి పరివారమున కలరా సోకెను. అయినను వెనుదిరుగక పత్తికొండకు పోయి, 1827 జూలై 6వ తేదీ సాయంకాలమున ఆ వ్యాధితోనే కన్నుమూసెను.

దేహమును గుత్తిలో సమాధి చేసిరి. 1831లో దానిని మద్రాసు కోటలోని చర్చికి తరలించిరి. మద్రాసులో గుఱ్ఱముమీది విగ్రహము నిలిపిరి. అంకవన్నెలు లేని గుఱ్ఱమని చూచినవారు వింతగా చెప్పుకొందురు. పత్తికొండలో ఆతని పేర ఒక తోపు వేసి మెట్లబావి త్రవ్వించిరి. దత్తమండలములలో బిడ్డలకు మన్రోలప్ప, మన్రోలమ్మ యను పేర్లు పెట్టుకొను వాడుక చాలకాలము సాగెను.