కళామహర్షి బాబూరావు పెయింటరుగారు

సంస్కృతమున సూత్రధార శబ్దమునకు రెండర్థములు గలవు. నాటకమును నడుపువాడు సూత్రధారుడు. నూలు పట్టి కొయ్యను చెక్కు వడ్రంగియు సూత్రధారుడే. ఈ రెండర్థములును ఒక్క పురుషునియందు సార్థకములైన వృత్తాంతమును సోదరులకు విన్నవింపదలచి, కొల్హాపుర వాస్తవ్యులగు బాబూరావు పెయింటరుగారి చరిత్రమును సంగ్రహముగా వ్రాయుచున్నాము.

వీరు 1890 వ సంవత్సరము జూను 3 వ తేదీన జన్మించిరి. తండ్రి కృష్ణరావు మేస్త్రిగారు కమ్మరమును వడ్రంగమును వృత్తిగా గలవారు. శిల్పమును దంతపుపనియు స్వయంకృషిచే నేర్చినవారు. బాబూరావుగారు చిత్రకళాశాల గడప త్రొక్కలేదు. వరుసకు సోదరులగు ఆనందరావుగారితో గూడి నాటక సమాజములకు తెరలు వ్రాయుచు, 1910 మొదలు 1916 వరకు పశ్చిమ భారతమున ఆ పనియందు అగ్రగణ్యులైరి. మేస్త్రి యను ఇంటిపేరు మరుగుపడి పెయింటరు అను వృత్తినామమే స్థిరపడినది.

1913 లో ఫాల్కేగారి రాజా హరిశ్చంద్ర చిత్రము వెలువడగా, సోదరులిరువురకును తామును చలనచిత్రము తీయవలెనను పట్టుదల కలిగెను. కెమెరా లేదు. దానిని తామే చేయబూనిరి. పని నడుచుచుండగనే 1916 లో ఆనందరావుగారు కాలధర్మము నొందిరి. బాబూరావుగారు దుఃఖమును దిగమ్రింగి, శిష్యుడగు దామ్లే సాయమున 1918 నాటికి కెమెరాను సిద్ధపరచిరి. తానీబాయి కాగల్‌కరు అను గాయని మూలధన మొసగి ఆదుకొనెను. మహారాష్ట్ర ఫిలిం కంపెనీ యిట్లు వర్ధిల్లినది.

ఇక అసలు విషయము. ఆ దినములలో చలనచిత్రములందును నాటకములందు వలెనే వ్రాసిన తెరలు వ్రేలాడదీయుచుండిరి. చిత్రీకరణమంతయు సూర్యకాంతియందు జరుగునది. తెరమీద వ్రాసిన స్తంభము నీడ కదలదు. దాని ముందు నిలిచిన నటుని నీడ ప్రొద్దుతో పాటు జరుగును. గాలి వీచెనా, రాజప్రాసాదమే ఊగులాడును! ఈ లోపము నెల్లరికంటె ముందు గుర్తింపగలవాడు తెరలు వ్రాసినవాడే గదా. బాబూరావుగారు తమకు అన్నము పెట్టిన తెరను తామే దింపి, వెడల్పును లోతును గల కట్టడములను నిలిపిరి. చిత్రము తీయుటకు ముందే పాత్రల వేషములను, కదలికలను కాగితముపై గీసికొనెడివారు. తండ్రి వడ్రంగము నిక్కడ ఫలించినదని మా యభిప్రాయము.

1920 లో వెలువడిన సైరంధ్రియందు కీచకవధ యెంత సహజముగా నుండెననగా, దొరతనమువారు ఆ ఘట్టమును తొలగింపజేసిరి. తిలక్ మహాశయుడు వీరికి సినిమాకేసరి బిరుద మొసగిరి. ఆ చిత్రమున స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించిరి. అందులకై ఆ వనితలను వారి వారు వెలివేసిరి. కీర్తి కంపెనీకి దక్కెను, శిక్ష ఆ యబలలకు దక్కెను. ఈ మాటను దాటి పోవుటకు మాకు మనసొప్పలేదు.

1923 లో సింహగడ చిత్రమునకు విద్యుద్దీపముల వెలుతురు నుపయోగించి, శివాజీ వేషమును తామే ధరించిరి. ఆ యేడే వత్సలాహరణము వచ్చినది. మన శశిరేఖాపరిణయ కథయే యది. తమ చిత్రముల ప్రకటన చిత్రములను సయితము స్వహస్తముతో వ్రాసెడివారు. 1925 నాటి సావకారీ పాశ్ పురాణమును విడిచి, వడ్డీవ్యాపారి చేత చిక్కి భూమిని గోల్పోయి పట్టణమున మిల్లుకూలియైన రైతు కథను జెప్పినది. ఆ రైతు కుటుంబములోని యువకుడుగా నటించినవాడు శాంతారాం.

ఆ శాంతారాం, దామ్లే, ఫత్తేలాల్, ధాయ్‌బర్ అందరును వీరియొద్ద పని నేర్చినవారే. 1929 లో నలువురును విడిపోయి ప్రభాత్ కంపెనీని స్థాపించిరి. ప్రభాత్ పేరు దేశమంతట మ్రోగినది; గురువుగారి కంపెనీ నిలువలేదు. శిష్యుల యభ్యుదయము గురువునకు పుత్రోత్సాహమువంటిదని మేము బడిలో చెప్పినవారమే. కాని ఒక్కుమ్మడిగా ఇల్లు ఖాళీయైన దినమున ఆ గురువు హృదయమెట్లుండెనో ఊహింపగలము.

వాక్చిత్రములు వచ్చిన పిమ్మట ఉషా, ప్రతిభా మున్నగు వానిని తీసిరి; సావకారీ పాశ్‌ను 1936 లో మాటలతో మరల నిర్మించిరి. తుదకు కుంచెను, ఉలిని చేపట్టి కొల్హాపురముననే యుండి, 1954 జనవరి 16 న దివంగతులైరి. వారి మూగచిత్రములు చాలవరకు నశించినవి.